గడి గోడల వెనుకటి చరిత్ర: శ్రీ బి. నర్సింగరావు చలనచిత్రములు



ఈ సాయంకాలము నేను మీతో ప్రసంగింపబోవునది ఒక చలనచిత్రకారుని గుఱించి. ఈ మాట చెవినబడగానే మీలో కొందఱు, "సినిమాల సంగతి కుఱ్ఱవాండ్రకు చెప్పవలెను గాని మాబోటి ముసలివారికెందుకు?" అని తలపవచ్చును. సందేహము న్యాయమైనదే. అయినను నేను చెప్పబోవు కథ తారల ముచ్చట కాదు. మీ కన్నులు చూచిన దానిని, మీ తల్లిదండ్రులు అనుభవించిన దానిని, దఫ్తరములకెక్కని దానిని తెరమీద నిలిపి కాపాడిన యొకని కృషిని గుఱించి చెప్పెదను. ఆ కృషి యెంతవఱకు సఫలమైనదో నిర్ణయించుటకు నాకంటె మీరే యెక్కువ అర్హులు.

నేను చివ్వెంలవాడను. సూర్యాపేటకు సమీపమున నున్న మా మండలములోనిదే దురాజుపల్లి. అచటి గుట్టపై రెండేండ్ల కొకమాఱు లింగమంతుల స్వామి జాతర జరుగుట మీరెఱిగినదే. చిన్ననాట ఆ జాతరకు పోయినప్పుడు భేరీల మ్రోత, గజ్జెల లాగులు తొడిగినవారి చిందులు ఒకవైపు. బండ్ల నీడను కూర్చుండి చుట్ట కాల్చుకొనుచు ముచ్చటించుకొను వృద్ధులు మఱియొకవైపు. ఆ వృద్ధుల ముచ్చటలలో దొరలు వచ్చెడివారు, వెట్టి వచ్చెడిది, సంగము వచ్చెడిది, రజాకార్లు వచ్చెడివారు. మఱునాడు బడికి పోయి చరిత్ర పుస్తకమును తెఱచినచో కాకతీయులు కనబడిరి, గోలకొండ సుల్తానులు కనబడిరి, నిజాములు కనబడిరి. ఆ బండ్ల నీడను కూర్చున్న వృద్ధులు మాత్రము ఎక్కడను కనబడలేదు. వీరి చరిత్ర యెవరు వ్రాయుదురను ప్రశ్న నాకు ఆనాడే కలిగినది.

వ్రాతలు లేకపోలేదు. పటేలు పట్వారీల దఫ్తరములలో పహాణీలున్నవి, సేత్వారులున్నవి. ఏ సర్వే నంబరు ఎవరి పేరనున్నదో, తరీ యెంతో, ఖుష్కీ యెంతో, శిస్తు యెంతో వానిలో తేలును. కాని తెల్లవారుజామున దొర యింటికి నీళ్ళు మోసినవారి పేర్లు వానిలో లేవు. దొర ప్రయాణమునకు బండ్లు కట్టినవాడు, బండి ముందు పరుగెత్తినవాడు, గడి దీపములకు నూనె పోసినవాడు, కూలి లేకుండ కుండలు, చెప్పులు, కల్లు, గొఱ్ఱెలు తెచ్చి యిచ్చినవారు, వీరెవ్వరును ఆ కాగితములకెక్కలేదు. వీరికంటె గూడ లోతున పూడిపోయినవారు కొందఱున్నారు. దొర కూతురు పెండ్లియై అత్తవారింటికి పోవునప్పుడు పశువులతోడను, పాత్రలతోడను పాటుగ పంపబడిన బాలికలు. వారిని మన ప్రాంతమున ఆడబాపలనిరి. వారికి పెండ్లి లేదు, ఇల్లు లేదు, బిడ్డ పుట్టినను ఆ బిడ్డకు తండ్రి పేరు లేదు. వారిని గుఱించి వారి సొంత కుటుంబములే మాటాడలేదు. సిగ్గు వారి నోరు కట్టినది.

ఇట్టి మౌనమునకు తెరమీద చోటు కల్పించినవాడు శ్రీ బి. నర్సింగరావు. ఆయన 1946 డిసెంబరు 26వ తేదీన, ఆనాటి మెదకు జిల్లాలోని గజ్వేలు దగ్గఱి ప్రజ్ఞాపురమున జన్మించెను. ఆ సంవత్సరమే జూలై 4వ తేదీన కడవెండిలో దొడ్డి కొమరయ్య తుపాకి గుండునకు నేలగూలెను. ఒక రైతుబిడ్డ నేలకొరిగిన యేట, ఆ తరము కథ చెప్పబోవు మఱియొకడు పుట్టెనన్నమాట. ఇది కాకతాళీయమే, కాని ఆ పోరాటము 1951 అక్టోబరులో విరమింపబడునప్పటికి ఆయనకు ఇంకను అయిదేండ్లు నిండలేదు. తుపాకులు మూగపోయిన తరువాత మిగిలిన పాటలను, భయములను, గడి శిథిలములను చూచుచు పెరిగిన తరమునకు చెందినవాడు.

నర్సింగరావు ఒక్క విద్యకు కట్టుబడినవాడు కాడు. చిత్రలేఖనము, ఛాయాగ్రహణము, కవిత్వము, సంగీతము, నాటకము, వీని నన్నిటిని చేపట్టెను. 1970 ప్రాంతమున హైదరాబాదులో మిత్రులతో కలసి ఆర్ట్ లవర్స్ అను కళాకారుల సంఘమును నడపెను. తూప్రానునుండి వచ్చి బుఱ్ఱకథలు చెప్పుచుండిన గుమ్మడి విఠల్‌రావు అను యువకుడు ఆ సంఘము ద్వారముననే క్రొత్త బాట పట్టి, తరువాత గద్దరను పేర దేశమెల్ల నెఱిగిన గాయకుడయ్యెను. గద్దరు 2023 ఆగస్టు 6న గతించెను.

"పలు విద్యలు పట్టినవాడు ఒక్కదానిలోను నిలువడు" అని మనవారు తఱచుగ అందురు. నర్సింగరావు విషయమున ఇది పొసగలేదు. ఆయన అభ్యసించిన విద్యలన్నియు చివరకు ఒక్క పనికి కూడివచ్చినవి. ఆ పని మన పల్లెను మఱపునుండి కాపాడుట. అది యెట్లు జరిగెనో వరుసగ చూతము.

భూమిని గుఱించిన కథలు తెలుగు తెరకు క్రొత్త కావు. గూడవల్లి రామబ్రహ్మము 1938లో మాలపిల్లను, 1939లో రైతుబిడ్డను తీసెను. రైతుబిడ్డ జమీందారుల ఆగ్రహమునకు గుఱియై నిషేధమునకు లోనైనది. 1947లో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావులు తెలంగాణ పోరాటమునే వస్తువుగ గొని మాభూమి యను నాటకమును వ్రాసిరి. కోస్తా జిల్లాలలో దళములు దళములుగ దానిని ప్రదర్శించిరి, అదియు నిషేధింపబడెను. ఇంత జరిగినను, మన నల్లగొండ నేలమీది కథ మన నోటి మాటతో, మన కట్టుబొట్టుతో తెరమీదికి వచ్చుటకు మఱి ముప్పది యేండ్లు పట్టినది. అంతవఱకు తెలుగు సినిమాలలో నాయకుడు మాటాడిన తెలుగు కృష్ణా గోదావరి తీరములది. మన యాస వినబడెనా, అది నవ్వించుటకో, దుష్టపాత్రకో వినియోగమయ్యెను.

మార్పు బయటనుండి మొదలైనది. హైదరాబాదు పరిసరములందే పుట్టి పెరిగిన శ్యామ్ బెనెగల్ 1974లో అంకుర్‌ను, 1975లో నిశాంత్‌ను హిందీలో తీసి దొరల కథను దేశమునకు చూపెను. 1977లో వంగదేశపు మృణాల్ సేన్ ప్రేమ్‌చంద్ కథను తీసికొని ఒక ఊరి కథ యను పేర తెలుగుననే చిత్రించెను. ఈ చిత్రములను చూచిన తెలంగాణ యువకులకు తమ పల్లెలయందును తెరకెక్కదగిన కథ కలదను ధైర్యము చిక్కెను. మన పల్లె కథను మనమే ఏల చెప్పరాదను తలపునుండి మాభూమి చిత్రము పుట్టినది. నర్సింగరావు దానికి నిర్మాతలలో నొకడు, చిత్రకథను వ్రాసినవారిలో నొకడు. దర్శకత్వమును కలకత్తానుండి వచ్చిన గౌతమ్ ఘోష్ అను యువకునికి అప్పగించిరి. ఘోష్‌కు అదియే మొదటి కథాచిత్రము. 1979 నాటి ఆ చిత్రమునకు ఆధారము నాటకము కాదు. కృషన్ చందర్ ఉర్దూలో వ్రాసిన జబ్ ఖేత్ జాగే యను నవల. ఉర్దూ నవల, వంగదేశపు దర్శకుడు, తెలంగాణ మాట, నల్లగొండ పోరు, ఇన్ని కలసి మన చిత్రమైనది. సొంతమనునది తలుపులు మూసికొని కాపాడుకొనునది కాదని అప్పుడు నాకు తెలిసినది.

కథ మీకు తెలియనిది కాదు. రామయ్య అను పేదరైతు కొడుకు, సాయిచంద్ ధరించిన పాత్ర, వెట్టిలో పెరుగును. తాను ప్రేమించిన చంద్రి గడికి పోవలసివచ్చుట సహింపజాలక ఊరు విడిచి పట్నము చేరును. అచట మక్బూలు అను కార్మికనాయకుని వలన అక్షరము నేర్చి, సంఘమనగా నేమో తెలిసికొని తిరిగి వచ్చును. తక్కినది మన తాలూకాల చరిత్రయే.

ఆ చిత్రము హైదరాబాదులో ఉదయపు ఆటలుగ చాలకాలము ఆడినది. నేనప్పుడు అచట చదువుకొనుచుంటిని. ఊరినుండి మా పెద్దనాయిన ఏదో కోర్టు పనిమీద రాగా ఆయనను వెంటబెట్టుకొని పోయితిని. ఆయన సంగములో తిరిగినవాడు. ఆట మొదలైనది మొదలు ఆయన తప్పులు పట్టుచునే యుండెను. "బండి గట్ల కట్టర్రా", "తలపాగ గట్ల సుట్టరు" అని నా చెవిలో గొణిగెను. ప్రక్కనున్నవారు విసుగుకొనిరి. అంతలో పసులు కాయు బాలునిపై సుద్దాల హనుమంతు రచించిన పాట వచ్చినది. పెద్దనాయిన గొణుగుట మానెను. తరువాత బండి యాదగిరి కట్టిన పాటను గద్దరు గొంగడి భుజాన వేసికొని పాడుచుండగా, మా పెద్దనాయిన పెదవులు కదలుట ఆ చీకటిలోనే కంటిని. ఆ పాట ఆయనకు సినిమాలో నేర్చినది కాదు, యౌవనమున నేర్చినది. హాలులో అట్లు పెదవులు కదపినవాడు ఆయన యొక్కడే కాదు.

బయటికి వచ్చిన తరువాత ఎట్లున్నదని అడిగితిని. ఆయన కొంతసేపు పలుకక, "మంచిగనే ఉన్నది బిడ్డా. గాని మాకు అన్నం మూటలు మోసిన ఆడోళ్ల ముచ్చట ఇంకెంతో ఉండె. గదెవరు జెప్తరు?" అనెను.

ఆ ప్రశ్నను నేను మఱువలేదు. దానికి ఒక జవాబు 1986లో వచ్చినది. హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనవారు పోరాటమున పాల్గొన్న స్త్రీలను వెదకి, వారి నోటి మాటలను ఉన్నవి యున్నట్లు వ్రాసికొని మనకు తెలియని మన చరిత్ర యను గ్రంథమును ప్రకటించిరి. అందులో పాలకుర్తి చిట్యాల ఐలమ్మ పలికినది. మన తుంగతుర్తి ప్రాంతపు మల్లు స్వరాజ్యము పలికినది. చరిత్రకారులు పెద్దల నోటికి కాగితమును చేరువ చేసిన కాలమది. మఱి నోరు విప్పజాలని వారి మాట యేమి? పోరాటములో చేరినవారు తమ కథ చెప్పగలిగిరి. పోరాటము రాకముందే గడిలో మగ్గిపోయినవారి కథ ఎవరు చెప్పవలెను? నర్సింగరావు మఱి రెండేండ్లకు చేపట్టినది ఆ పనినే.

అంతకుముందు ఆయన తాను దర్శకుడగుట యెట్లో నేర్చుకొనెను. 1983లో రంగుల కల యను చిత్రమునకు దర్శకత్వము వహించి, అందు ప్రధానపాత్రయగు చిత్రకారుని వేషమును తానే ధరించెను. పట్నములో బ్రతుకుచు, తన కుంచె ఎవరికొఱకను మథనలో పడిన కళాకారుని కథ యది. ఆ యేటి ఉత్తమ తెలుగు చిత్రముగ జాతీయ పురస్కారము నందినది. పిదప 1985లో నగరముపై ది సిటీ యను యథార్థచిత్రమును, 1987లో మా ఊరు అను యథార్థచిత్రమును తీసెను. యథార్థచిత్రమనగా కల్పితకథ, వేషగాండ్రు లేక, ఉన్న బ్రతుకును ఉన్నచోటనే చిత్రించునది. పల్లెలో దినము ఎట్లు తెల్లవారునో, ఎట్లు పొద్దుగ్రుంకునో, చేతులు ఏ పని ఎట్లు చేయునో చూచుట దాని పని.

ఇచట ఒక విదేశీయుని సంగతి చెప్పుట అవసరము. స్పెయినుదేశమున లూయీ బున్యుయెల్ అను దర్శకుడుండెను. 1900లో కలాందా యను చిన్న ఊర పుట్టి 1983లో గతించినవాడు. స్పెయిను, ఫ్రాన్సు, మెక్సికో, మూడు దేశములలో చిత్రములు తీసి, వాని కథలను చాలవఱకు తానును కూర్చుండి వ్రాసెను. దేశములెన్ని మాఱినను తన ఊరి జాతర డోళ్ళను మఱువలేదు. కలాందా పండుగలో మ్రోగు డోళ్ళ చప్పుడును తన చిత్రములలో పెక్కుమాఱులు వినిపించెను. దురాజుపల్లి భేరీల మ్రోతలో పెరిగిన నాకు ఈ సంగతి చదివినప్పుడు ఆ పరదేశి యెవరో మన బంధువువలె తోచెను. ఆయన 1933లో లాస్ హుర్దెస్ అను మిక్కిలి పేద కొండప్రాంతమునకు పోయి ఒక యథార్థచిత్రమును తీసెను. దానిని ఆ దేశప్రభుత్వము నిషేధించినది. వింత యేమనగా, ఆ చిత్రము ఆ కొండ ప్రాంతపువారికే కోపము తెప్పించినది. తమ దైన్యమును పెంచి చూపెనని, కొన్ని దృశ్యములను కావలెనని కల్పించెనని వారి యారోపణ. అందు సత్యము లేకపోలేదు.

బీదల బ్రతుకును తెరకెక్కించువానికి ఎదురగు ధర్మసంకటము ఇదియే. దుఃఖమును చూపవలెను, దుఃఖితుని గౌరవమును తక్కువ చేయరాదు. నర్సింగరావు తన చిత్రమునకు పెట్టిన పేరును గమనింపుడు. ఆయన "ఆ ఊరు" అనలేదు, "ఒక ఊరు" అనలేదు. "మా ఊరు" అనెను. ఆ పేరుతో తన నేల పల్లెను తనదిగ చేర్చుకొనెను. తనదని చెప్పుకొన్నవాడు ఎగతాళి చేయడు. తప్పు చూపినను తనతో కలుపుకొనియే చూపును.

ఇట్లు చేయి తిరిగిన తరువాత 1988లో దాసిని తీసెను. నేనెఱిగినంతలో తెలుగున తీయబడిన చిత్రములలో ఇంత తక్కువ మాటలతో ఇంత యెక్కువ చెప్పినది మఱియొకటి లేదు. స్వాతంత్ర్యమునకు పూర్వపు తెలంగాణములో ఒక గడి. అందు జయసింహారావను దొర, సంతానము లేని దొరసాని, కమలాక్షి యను దాసి. దాసి పాత్రను అర్చన ధరించెను. కమలాక్షి ఊడ్చును, తుడుచును, నీళ్ళు తోడును, పిలిచినప్పుడు పోవును, పొమ్మన్నప్పుడు వచ్చును. దొర కోరికకును, ఇంటికి వచ్చిన అతిథి కోరికకును ఎదురు చెప్పుట ఆమె ఎఱుగదు. ఆమె గర్భవతి యగును. బిడ్డలు లేక ఎదురుచూచుచున్న ఆ యింటనే ఈ బిడ్డకు మాత్రము చోటు లేదు. గర్భము పోగొట్టుకొనవలసి వచ్చును. అంతియే కథ. కత్తులు లేవు, తిరుగుబాటు లేదు, న్యాయము జరిగినదని చెప్పి మనలను ఓదార్చు ముగింపును లేదు.

ఈ చిత్రమునకు అయిదు జాతీయ పురస్కారములు వచ్చినవి. ఉత్తమ తెలుగు చిత్రమునకొకటి, నటనకు అర్చనకొకటి, ఛాయాగ్రహణమునకు అపూర్వ కిశోర్ బీర్‌కొకటి, కళాదర్శకత్వమునకు తోట వైకుంఠమునకొకటి, దుస్తుల రూపకల్పనకు సుదర్శన్‌కొకటి. ఈ చివరి యిద్దఱిని గుఱించి రెండు మాటలు చెప్పవలెను. వైకుంఠము కరీంనగరపు పల్లెనుండి వచ్చిన చిత్రకారుడు. పెద్ద బొట్టు, ముదురు రంగు చీర ధరించిన తెలంగాణ స్త్రీని చిత్రించి ప్రసిద్ధికెక్కినవాడు. సుదర్శన్ మన మిర్యాలగూడెమువాడు. ఈ చిత్రము తరువాత ఆయనను అందఱు దాసి సుదర్శన్ అనియే పిలిచిరి. 2024లో స్వర్గస్థుడగువఱకు ఆ పేరే నిలిచినది. దాసి కట్టిన చీర ఎంత నలిగియుండవలెను, దొరసాని రవికకు అంచు ఎట్లుండవలెను, గడిలో దీపము ఎచ్చటనుండవలెను అని ఆలోచించినవారు వీరు. మా పెద్దనాయిన బండి కట్టిన తీరులో తప్పు పట్టెనని చెప్పితిని గదా. అట్టి పెద్దలు తప్పుపట్టలేని చిత్రమును తీయవలెనన్న, దర్శకుడు చిత్రకారుని కన్నుతో చూడవలెను, అట్టి కన్నులున్నవారిని చేరదీయవలెను. నర్సింగరావు నేర్చిన చిత్రలేఖనము ఇచట అక్కఱకు వచ్చినది. ఆయన సంగీతజ్ఞానము ఎచ్చట పాట ఉండరాదో తెలిసికొనుటకు అక్కఱకు వచ్చినది.

ఇప్పుడు నా యింటి ముచ్చట యొకటి చెప్పుకొనెదను. దానిని చెప్పవచ్చునా యని చాలకాలము తటపటాయించితిని.

ఆ రోజులలో ఆదివారము మధ్యాహ్నము దూరదర్శనమున పురస్కారములు పొందిన ప్రాంతీయచిత్రములను చూపుచుండిరి. ఒకనాడు దాసి వచ్చినది. మా యింట చిన్న నలుపుతెలుపు పెట్టె యుండెను. మా నాయనమ్మ నేలమీద కూర్చుండి చింతపండులోని గింజలు తీయుచుండెను. ఆమెకు సినిమాలపై శ్రద్ధ లేదు. కొంతసేపటికి గింజల చప్పుడు ఆగినది. తిరిగి చూచితిని. తెరమీద కమలాక్షి గోడకానుకొని, పిలుపు కొఱకు ఎదురుచూచుచు, మోకాళ్ళు ముడుచుకొని కూర్చుండియున్నది. నాయనమ్మ దానినే చూచుచు, "గట్లనే కూసుండేది" అనెను.

"ఎవరే నాయనమ్మా?"

"మా చెల్లె."

మా నాయనమ్మకు చెల్లెలున్నదని అంతవఱకు మా యింట ఎవ్వరును చెప్పలేదు. ఆమె మెల్లగ చెప్పినది. తండ్రి నాగుకు తెచ్చిన వడ్లు తీర్చలేకపోయెను. పదేండ్ల పిల్లను గడికి పంపెను. దొర బిడ్డ పెండ్లి కాగా ఆ పిల్లను వెంట పంపివేసిరి. అటుపిమ్మట మా నాయనమ్మ ఆమెను ఒక్కమాఱే చూచినది. అది దురాజుపల్లి జాతరలో. దొరసాని బండిలో వెనుకవైపు ఒక పెట్టె ఒడిలో పెట్టుకొని కూర్చుండియున్నదట. "బండి దిగలే. నన్ను జూసింది. మాట్లాడలే. నేను గూడ మాట్లాడలే బిడ్డా" అని నాయనమ్మ తిరిగి చింతపండు చేతికి తీసికొన్నది. సినిమా అయిపోవువఱకు మఱి తల యెత్తలేదు.

నేను చిన్ననాట బండ్ల నీడను ముచ్చటలు విన్నది ఆ గుట్ట క్రిందనే. ఆ మైదానమున ఇట్టి చూపు ఒకటి నిలిచిపోయి యుండెనని ఏ వృద్ధుడును చెప్పలేదు. చెప్పించినది ఒక సినిమా. ఆ చిత్రములో మాటలు అంత తక్కువ యేలనని అడిగినవారున్నారు. వారికి నేను మా నాయనమ్మ మాటనే జవాబుగ చెప్పుదును. ఆ బ్రతుకులో మాటలు లేవు. చూపు మాత్రమే కలదు.

దాసి తరువాత 1990లో నర్సింగరావు మట్టి మనుషులు అను చిత్రమును తీసెను. ఇదియు ఉత్తమ తెలుగు చిత్రముగ జాతీయ పురస్కారము నందినది. పల్లెలో బ్రతుకు గడవక పట్నమునకు పోయి, కట్టుచున్న మేడలకు మట్టి మోయు దంపతుల కథ యది. గడి పోయినది, దొర పోయెను, వెట్టి పోయినది. అయినను పేదవాని వీపుమీది బరువు మాఱలేదని ఆ చిత్రము చెప్పుచున్నది. మన తాలూకాలనుండి పట్నము చేరి తట్ట మోసినవారెందఱో మీరెఱుగుదురు. చరిత్ర 1948లోనో, 1951లోనో ముగిసినదనుకొనువారికి ఇది తగిన హెచ్చరిక. మాభూమి, దాసి, మట్టి మనుషులు, ఈ మూడింటిని వరుసగ కాక కాలక్రమమున పెట్టి చూచినచో ముందు దాసి, పిదప మాభూమి, చివర మట్టి మనుషులు వచ్చును. మూడు తరముల తెలంగాణ పల్లె చరిత్ర అందు కలదు.

ఆయన పనిలో లోపములు లేవని నేననను. 1979నుండి, హరివిల్లు అను చిత్రము వచ్చిన 2003వఱకు, ఆయన తీసిన కథాచిత్రములు వ్రేళ్ళపై లెక్కింపదగినవే. అవి సామాన్యప్రేక్షకునికి చేరినది తక్కువ. వాని నడక మెల్లనిది. పగలంత పొలములో పనిచేసి వచ్చినవాడు ఓపికతో చూడలేడు. ఎవరి బ్రతుకును చిత్రించిరో వారికే ఆ చిత్రములు దూరమగుట విచారకరము. మా నాయనమ్మ చూచుట కూడ దైవవశమున జరిగినదే గాని, ఊరిలో మఱి పదిమంది చూచిరని చెప్పజాలను. ఇంకొకమాట. పురస్కారము వచ్చిన చిత్రమును పొగడి, మన కర్తవ్యము తీరినదనుకొనుట సులభము. ఒక్క కమలాక్షిని చూచి కన్నీరు పెట్టినవారు తమ యింటి కమలాక్షి పేరు అడిగిరా?

పెద్దలారా! చలనచిత్రము చరిత్ర కాగలదా యని పండితులు వాదింతురు. అందు కల్పన కలదు గనుక ప్రమాణము కాజాలదని కొందఱందురు. వారి మాట కాదనను. ఏ గడిలో, ఏ తేదీన, ఎవరికి ఏమి జరిగెనో దాసి చెప్పదు. కాని ఆ చిత్రము ఒక పని చేసినది. మూసియున్న నోటిని తెఱపించినది. తెఱచిన నోట వచ్చిన మాటను వ్రాసికొనుట మన పని.

గడులు పెక్కు కూలిపోయినవి. కొన్నిట గొడ్లు కట్టుచున్నారు. కొన్నిట ముండ్లచెట్లు మొలచినవి. సంగములో తిరిగినవారు ఒక్కొక్కరే వెళ్ళిపోయిరి. మల్లు స్వరాజ్యము 2022 మార్చిలో వెళ్ళిపోయినది. వారి నోట విన్నవారు, అనగా మీరు, ఇప్పటికి మిగిలియున్నారు. మీ ఊర వెట్టి యెట్లుండెనో, నాగు యెట్లు పెట్టెడివారో, బండి యెట్లు కట్టెడివారో మీ మనుమలను పిలిచి చెప్పుడు. వారు వ్రాయుటకు జంకినచో మీరే వ్రాయుడు. తప్పు తెలుగైనను ఫరవా లేదు. ముఖ్యముగ, ఇంటిలో ఎవ్వరును ఎత్తని పేరు ఏదైన నున్నచో దానిని చెప్పుడు. ఆ సిగ్గు మన ఆడబిడ్డలది కాదు.

ఆ ఆదివారము రాత్రి నేను మా నాయనమ్మను ఆమె చెల్లెలి పేరు అడిగితిని. ఆమె చెప్పినది. ఆ పేరు ఏ పహాణీలోను లేదు. నా నోటుపుస్తకమున వ్రాసికొంటిని. మా మనుమరాలికి ఆ పేరే పెట్టుకొంటిమి.

సెలవు.